కొడుకు లేని సీను ఒక్కటి చూపించండి

పోయిన నెల మా అమ్మని విజయవాడ బెంజ్ సర్కిల్ దగ్గర మాల్‌లో ఒక సినిమాకి తీసుకెళ్ళాను. అమ్మకి 78. మోకాళ్ళ నొప్పులు, ఎస్కలేటర్ అంటే భయం, అందుకని లిఫ్ట్ ఎటువైపు ఉందో ముందే కనుక్కుని, లోపల మెట్లు తక్కువ ఎక్కాల్సొచ్చే వరస చూసి మరీ టికెట్లు బుక్ చేశాను. సినిమా పేరు చెప్పను. అందులో నన్ను బాధపెట్టిన విషయం ఆ ఒక్క సినిమాది కాదు. తిరిగొచ్చేటప్పుడు ఆటోలో అమ్మ అడిగింది: "ఏమే, ఆ అబ్బాయి వాళ్ళమ్మ పొద్దుట్నించి సాయంత్రం దాకా ఏం చేస్తుంటుందీ?"

నాకు సమాధానం దొరకలేదు. ఆ తల్లి వేషం వేసినావిడ చాలా మంచి నటి. రెండున్నర గంటల్లో ఆవిడ కనిపించినవి ఏడు సీన్లు. కొడుక్కి టిఫిన్ పెట్టింది, కొడుకు మీద తండ్రి అరుస్తుంటే మధ్యలోకి వచ్చింది, కొడుకు ప్రేమ సంగతి పసిగట్టి నవ్వింది, కొడుకు ఫోనెత్తకపోతే హాల్లో అటూ ఇటూ తిరిగింది, విలన్ మనుషులు కొట్టారు, ఆసుపత్రిలో పడుకుంది, చివర్లో కొడుకుని కావిలించుకుంది. అంతే. కొడుకు ఆఫీసుకి వెళ్ళాక ఆవిడ ఏమవుతుందో ఆ డైరెక్టర్‌కి తెలియదు. తెలుసుకోవాలన్న ఆలోచన కూడా వచ్చినట్టు లేదు. ఆ తలుపు మూసుకోగానే ఆవిడ ఆరిపోతుంది, మళ్ళీ కొడుకు ఇంటికొచ్చినప్పుడు వెలుగుతుంది.

ఆ రాత్రి పడుకున్నాక నేను చూసిన సినిమాలన్నీ తలుచుకుంటూ ఒకటే వెతికాను. యాభై దాటిన ఆడమనిషి తెరమీద ఉండాలి, ఆ సీన్లో కొడుకు ఉండకూడదు, కొడుకు గురించిన మాట కూడా రాకూడదు, అల్లుడు, మనవడు, మొగుడు కూడా అంతే. అలాంటి సీను ఎక్కడైనా ఉందా? చాలాసేపు మేలుకునే ఉన్నాను. నాకు 52 ఏళ్ళు. గవర్నరుపేటలో ఒక ఆఫీసులో అకౌంట్స్ చూస్తాను. నా రోజులో నా కొడుకు ఊసు లేని గంటలు బోలెడు ఉంటాయి. నా మీద సినిమా తీస్తే ఆ గంటలన్నీ కట్ అయిపోతాయన్నమాట.

వయసుల లెక్క దగ్గర్నుంచి మొదలుపెడతాను, ఎందుకంటే అది ఎవరైనా సరిచూసుకోవచ్చు. 1981లో వచ్చిన 'ప్రేమాభిషేకం'లో జయసుధ అక్కినేనిని ప్రేమించే వేశ్య పాత్ర వేసింది. అప్పటికి ఆమెకి 22, ఆయనకి 56. ముప్ఫై నాలుగేళ్ళ తేడా ఎవరికీ అడ్డం రాలేదు. 2013 సంక్రాంతికి 'సీతమ్మ వాకిట్లో సిరిమల్లె చెట్టు' వచ్చింది. అందులో అదే జయసుధ వెంకటేష్‌కి తల్లి. ఆమె పుట్టింది 1958 డిసెంబరులో, ఆయన పుట్టింది 1960 డిసెంబరులో. రెండేళ్ళు చిన్నవాడైన కొడుకు! ఆ 52 ఏళ్ళ కొడుక్కి జోడీగా వేసిన అంజలికి అప్పటికి 26. నేనా సినిమాని రెండుసార్లు చూశాను, ఇప్పటికీ టీవీలో వస్తే ఛానల్ మార్చను, జయసుధ ఆ ఇంట్లో నడుస్తుంటే నిజంగా గోదావరి జిల్లా ఇల్లాలే అనిపిస్తుంది. నా కోపం ఆమె మీద కాదు, ఆ సినిమా మీద కూడా కాదు. మగవాడి వయసు తెరమీద నలభై ఏళ్ళు కదలకుండా నిలబడితే, ఆడదాని వయసు ఒక్క పెళ్ళితోనో ఒక్క కాన్పుతోనో తల్లి వేషంలోకి దూకేస్తుంది. మధ్యలో ఉన్న పాతికేళ్ళ జీవితం ఎవరు మింగేశారు?

ఇది కొత్తగా వచ్చిన జబ్బేమీ కాదు. 1960లో 'శ్రీ వేంకటేశ్వర మహాత్మ్యం'లో వకుళమాతగా వేసిన శాంతకుమారి, కొడుకుగా వేసిన ఎన్టీఆర్ కన్నా మూడేళ్ళే పెద్ద. ఇంకా ఆశ్చర్యం 'గుండమ్మ కథ'. అక్కినేని పుట్టింది 1924 సెప్టెంబరు 20న, సూర్యకాంతం పుట్టింది అదే ఏడాది అక్టోబరు 28న. అంటే అత్తగారు అల్లుడి కంటే నెలా ఎనిమిది రోజులు చిన్నది. 1962లో ఆ సినిమా వచ్చేనాటికి సూర్యకాంతానికి ఇంకా 38 నిండలేదు. ఇవాళ 38 ఏళ్ళ హీరో అంటే కుర్ర హీరో కింద లెక్క.

కానీ గుండమ్మ దగ్గర నేను కాసేపు ఆగాలి. ఆ సినిమాలో ఎన్టీఆర్ ఉన్నాడు, అక్కినేని ఉన్నాడు, ఎస్వీ రంగారావు ఉన్నాడు, మా గుంటూరు జిల్లా చిర్రావూరు ఆడపడుచు సావిత్రి ఉంది, దుగ్గిరాలలో పెరిగిన జమున ఉంది. ఇంతమంది ఉండగా సినిమాకి పెట్టిన పేరు ఒక మధ్యవయసు విధవరాలిది! ఆవిడ మంచిది కాదు, సవతి కూతుర్ని ఇంటి చాకిరీకి వాడుకుంటుంది, నోరు పెద్దది. కానీ ఆవిడకి కావాల్సినవి ఉన్నాయి. కూతురికి గొప్పింటి సంబంధం కావాలి, ఇంట్లో తన మాటే చెల్లాలి, రూపాయి బయటికి పోకూడదు. కథ కదిలేదే ఆవిడ కోరికల వల్ల. చివరికి ఆవిడకి బుద్ధి చెప్పించారు, అది నాకు నచ్చదు, అయినా బుద్ధి చెప్పించుకోవడానికి ముందు ఆవిడ ఒక మనిషి. ఇప్పటి సినిమా తల్లికి ఎవరూ బుద్ధి చెప్పక్కర్లేదు, ఆవిడ ఏ తప్పూ చేయదు, ఎందుకంటే ఆవిడ ఏమీ చేయదు.

1984లో 'మంగమ్మగారి మనవడు' కూడా అంతే. అరవైకి దగ్గర పడిన భానుమతి కోసం జనం వెళ్ళారు, నేను అప్పటికి చిన్నపిల్లని, మా ఇంట్లో ఆ సినిమా గురించి మాట్లాడినప్పుడు ముందు వచ్చే పేరు మనవడిది కాదు. 1953లోనే 'చండీరాణి'కి దర్శకత్వం చేసి, 'అత్తగారి కథలు' రాసి, తన గొంతుతో తనే పాడుకున్న మనిషి తెరమీదికి వస్తే, ఆ పాత్ర కాగితం మీద ఎలా ఉన్నా సరే తెరంతా ఆవిడే అయ్యేది.

అప్పట్లో అలా ఎందుకు కుదిరింది, ఇప్పుడెందుకు కుదరడం లేదు? నాకు తోచింది చెబుతాను. అమ్మ పెళ్ళై విజయవాడ వచ్చాక సత్యనారాయణపురంలో కాపురం. మధ్యాహ్నం వంటలయ్యాక వీధిలో ఆడవాళ్ళు ఆరేడుగురు రెండు రిక్షాల్లో గాంధీనగర్ వెళ్ళేవాళ్ళు మ్యాట్నీకి. అలంకార్, అప్సర, లీలామహల్... ఈ పేర్లు అమ్మ చుట్టాల పేర్లు చెప్పినట్టు చెబుతుంది. ఆడవాళ్ళకి టికెట్ల దగ్గర వేరే క్యూ. వాళ్ళలో అత్తలు, కోడళ్ళు, చంటిపిల్లల తల్లులు, ఒక బోడితల పెద్దావిడ కూడా ఉండేదట. మ్యాట్నీ నిండాలంటే వాళ్ళు రావాలి. ఆ సంగతి గాంధీనగర్ డిస్ట్రిబ్యూటర్లకి తెలుసు, వాళ్ళ ద్వారా మద్రాసులో నిర్మాతలకి తెలుసు. కాబట్టి తెరమీద ఆ ఆడవాళ్ళ గొడవ ఉండేది, అత్తాకోడళ్ళ మధ్యో తోడికోడళ్ళ మధ్యో, ఏదో ఒకటి.

1995లో ఈటీవీ, జెమినీ వచ్చాయి. మధ్యాహ్నాలు సీరియళ్ళవి అయ్యాయి. ఆ రిక్షా ఆడవాళ్ళు ఇంట్లో ఉండిపోయారు, సినిమావాళ్ళు వాళ్ళని పోనిచ్చారు, వెనక్కి పిలవలేదు. ఇప్పుడు సినిమా భవిష్యత్తు మొదటి మూడు రోజుల్లో తేలిపోతుంది, ఆ మూడు రోజులు హాలుకి వచ్చేది ఎక్కువగా కుర్రాళ్ళు. తెల్లవారుజామున బెనిఫిట్ షోకి మా అమ్మ రాదు. రానివాళ్ళ కోసం సీను ఎవరు రాస్తారు అని అడుగుతారు సినిమావాళ్ళు. సీను లేని చోటికి ఎందుకు రావాలి అని మా అమ్మ అడుగుతుంది. ఈ రెండు ప్రశ్నల్లో ముందు మొదలైంది ఏదో నాకు తెలుసు, ఆ ఆడవాళ్ళు టికెట్ కొనడం మానేసింది తెర మీద వాళ్ళ మాట తగ్గాకే అని నేను గట్టిగా నమ్ముతాను. సీరియళ్ళలో పెద్దావిడలు ఉన్నారు కదా అంటే, ఉన్నారు, పట్టుచీర కట్టుకుని పాలల్లో విషం కలుపుతూ. దాని గురించి ఇప్పుడు వద్దు.

ఈ మాట ఆఫీసులో అంటే మా కుర్ర కొలీగ్ వెంటనే అన్నాడు: "అదేంటి మేడమ్, 'బాహుబలి'లో శివగామి లేదా?" ఉంది. రమ్యకృష్ణ ఆ సింహాసనం మీద కూర్చున్నప్పుడు నాకు ఒళ్ళు జలదరించింది, ఇప్పటికీ జలదరిస్తుంది. కానీ ఆ అధికారం కావాలంటే మాహిష్మతి దాకా వెళ్ళాలి. మా పటమట రైతుబజారులో అలాంటి ఆడమనిషి ఉంటుందని సినిమా ఒప్పుకోదు. పైగా అదే సినిమాలో సంకెళ్ళతో పాతికేళ్ళు గడిపిన ముసలి దేవసేనని చూడండి. ఆ వేషం వేసిన అనుష్కకి 2015లో ఇంకా 34 నిండలేదు, కొడుకుగా వేసిన ప్రభాస్ ఆమె కంటే రెండేళ్ళు పెద్ద. వెనక కథలో ఆమె పడుచుదే కాబట్టి అలా చేశారు, అర్థం చేసుకోగలను. అయినా ఆ ఎండిపోయిన ముఖం, ఆ పుల్లలేరుకునే చేతులు నిజంగా అరవై ఏళ్ళ మనిషివైతే ఎలా ఉండేదో అని నాకు ఆశ.

'అత్తారింటికి దారేది'లో నదియా? నాకు చాలా ఇష్టం. కళ్ళతోనే హాలంతా నిశ్శబ్దం చేసింది. ఇష్టపడ్డవాణ్ణి చేసుకుని, పుట్టింటిని వదులుకుని, సొంతంగా నిలబడ్డ సునంద. ఆవిడ బతుకే ఒక సినిమా. కానీ మనం చూసింది ఆవిడ మనసు మార్చడానికి వచ్చిన మేనల్లుడి సినిమా. చివర్లో అతను మాట్లాడతాడు, ఆవిడ కన్నీళ్ళు పెట్టుకుంటుంది. అన్నేళ్ళు తను తీసుకున్న నిర్ణయం మీద ఆవిడ వైపు వాదన పూర్తిగా ఎప్పుడు విన్నాం?

'ఓ బేబీ'కి అమ్మని నేనే తీసుకెళ్ళాను, 2019లో. డెబ్భై ఏళ్ళ పెద్దావిడ కథ అని చెప్పి. నందినీ రెడ్డి తీసింది, కొరియన్ సినిమాకి రీమేక్. లక్ష్మి ఉన్నంతసేపు అమ్మ పక్కనున్న నా చెయ్యి చరుస్తూ నవ్వింది, "అచ్చం మీ మేనత్తే" అంది. ఫోటో స్టూడియోలోంచి బయటికొచ్చేసరికి ఆవిడ పడుచుపిల్లగా మారి సమంత అయిపోయింది. సమంత బాగా చేసింది, పెద్దావిడ నడక, మాట అన్నీ పట్టుకుంది. కానీ ఇంటర్వెల్‌లో అమ్మ "ఆవిడ మళ్ళీ ఎప్పుడొస్తుందీ?" అని అడిగింది. చివర్లో వస్తుందని చెప్పాను. పాట పాడాలన్న కోరిక డెబ్భై ఏళ్ళ మనిషిది, పాడింది మాత్రం ఇరవై నాలుగేళ్ళ ఒళ్ళు. ఆ ముడతల చేతులతోనే మైకు పట్టుకుంటే మనం చూడమా? నేను చూస్తాను. మా అమ్మ చూస్తుంది.

'మిథునం' గురించి రాయడం నాకు కష్టం, ఎందుకంటే ఆ సినిమా చూసి నేను వెక్కి వెక్కి ఏడ్చాను. 2012లో తనికెళ్ళ భరణి, శ్రీరమణ గారి కథని ఇద్దరే మనుషులతో, లక్ష్మి, బాలసుబ్రహ్మణ్యంతో తీశారు. తెలుగులో ముసలితనాన్ని అంత దగ్గరగా, అంత ప్రేమగా చూపించిన సినిమా నాకు ఇంకోటి గుర్తురాదు. కొడుకులు కూడా దూరంగానే ఉంటారు, నా పరీక్షలో సగం పాసైనట్టే. కానీ లక్ష్మి వేసిన బుచ్చిలక్ష్మి వండుతుంది, భర్త తింటాడు, మళ్ళీ వండుతుంది. ఆయన ముందు పోవడమే మంచిదైంది, నేను లేకపోతే ఆయనకి జరగదు అనుకుంటుంది. ఆ మాట నిజమైన మాట, మా ఇళ్ళలో ఆడవాళ్ళు అనే మాట, మా నాయనమ్మ అన్న మాట. అయినా ఆ మర్నాడు బుచ్చిలక్ష్మి ఒక్కర్తే పొద్దున్నే లేచి ఏం చేస్తుందో నాకు తెలుసుకోవాలని ఉంది. సినిమా అక్కడితో ఆగిపోయింది.

న్యాయంగా ఇంకొకటి చెప్పాలి. 'మిడిల్ క్లాస్ మెలోడీస్'లో సురభి ప్రభావతి తల్లి వేషం వేసింది. గుంటూరు మాట, చేతిలో ఎప్పుడూ ఒక పని, విసుగు, భర్త మీద చిరాకు, కొడుకు మీద ప్రేమ కూడా ఆ చిరాకులోంచే. అలాంటి మనిషిని నేను కొత్తపేటలో, అరండల్‌పేటలో ఎన్నిసార్లు చూశానో. సినిమా మొత్తం ఆవిడ మీద నడిపినా నడిచేది.

తెనాలి శారదకి మూడుసార్లు జాతీయ ఉత్తమ నటి అవార్డు వచ్చింది. అందులో తెలుగు సినిమాకి వచ్చింది ఒక్కటే, 'నిమజ్జనం'. మిగతా రెండూ మలయాళం. తర్వాత తెలుగులో ఆమెకి వచ్చినవి ఎక్కువగా తల్లి, అత్త వేషాలు. 1996లో తెనాలి నుంచి పోటీ చేస్తే జనం గెలిపించి లోక్‌సభకి పంపారు. జమునని అంతకుముందే 1989లో రాజమండ్రి పంపింది. యాభై దాటిన ఆడవాళ్ళ మాట వినడానికి తెలుగువాళ్ళు సిద్ధంగా లేరు అని సినిమావాళ్ళు అంటే, ఆ ఓట్లు ఎక్కడివి మరి?

గుంటూరు మిర్చి యార్డు చుట్టుపక్కల గోడౌన్లలో తొడిమలు తీసే ఆడవాళ్ళని చూడండి. ముక్కుకీ నోటికీ పాత చీర ముక్క కట్టుకుని, చేతులు మండుతుంటే మధ్యలో లేచి నీళ్ళలో ముంచుకుని మళ్ళీ కూర్చుంటారు. అరవై దాటినవాళ్ళు కూడా ఉంటారు. కూలి లెక్క దగ్గర మేస్త్రీతో ఎలా మాట్లాడతారో ఒక్కసారి వింటే చాలు, ఏ రైటర్ రాసిన డైలాగూ దానికి సాటి రాదు.

ఇక మా పిన్ని సంగతి. నేను ఈ వ్యాసం రాయడానికి అసలు కారణం ఆవిడే. 67 ఏళ్ళు, సింగ్ నగర్‌లో ఒక అపార్ట్‌మెంట్ కింది వాటాలో ఒక్కర్తే ఉంటుంది, జాకెట్లు కుడుతుంది. 2024 సెప్టెంబరు 1న బుడమేరు పొంగి ఊళ్ళోకి వచ్చినప్పుడు ఆవిడ ఇంట్లోకి నీళ్ళు మంచం మట్టం దాటి వచ్చాయి. పై అంతస్తుకి ఎక్కింది. ఆ బిల్డింగ్‌లో పదకొండు కుటుంబాలు. కరెంటు లేదు, ఫోన్లు ఆరిపోయాయి, తాగడానికి నీళ్ళు లేవు. మొదటి రోజు అందరూ అరుచుకున్నారు. రెండో రోజు నుంచి పిన్ని చెప్పినట్టు నడిచింది. ఎవరింట్లో ఎన్ని బియ్యం ఉన్నాయో అన్నీ ఒకచోట పోయించింది. ఏ గ్యాస్ బండ ముందు వాడాలో, పాల ప్యాకెట్లు ఏ పిల్లలకి ఇవ్వాలో తనే చెప్పింది. పడవ వచ్చినప్పుడు ముందు నేను అంటే నేను అని తోసుకుంటున్న మగవాళ్ళని మెట్ల మీద చెయ్యి అడ్డం పెట్టి ఆపి, డయాలసిస్ చేయించుకునే ఒకాయన్నీ ఒక బాలింతనీ ముందు ఎక్కించింది. ఆవిడకి కొడుకులు లేరు. ఒక్క కూతురు, పుణేలో ఉంటుంది, ఆ నాలుగు రోజులూ ఫోన్ కలవక అక్కడ నరకం చూసింది.

దీన్ని సినిమాగా తీస్తే ఏమవుతుందో నాకు తెలుసు. పడవలో హీరో వస్తాడు. పిన్ని డాబా మీద నిలబడి చేతులు జోడిస్తుంది. "నువ్వు చల్లగుండాలి నాయనా" అంటుంది. అక్కడ పాట.

కానీ అలాగే తీయాలని ఎక్కడా లేదు. 2024లోనే మలయాళంలో 'ఉళ్ళొళుక్కు' వచ్చింది. కేరళ కుట్టనాడులో వరద, ఇంట్లో చనిపోయిన కొడుకు శవం, నీళ్ళు తగ్గితే గానీ పూడ్చడానికి లేదు, ఆ ఇంట్లో అత్తా కోడలూ. ఊర్వశి అత్త. నేను కోరుకున్న సీను అక్కడ దొరికింది. కొడుకు పోయాక కూడా ఆవిడ తెరమీద మనిషిగా మిగిలింది. ఆవిడ భయం, స్వార్థం, ఒంటరితనం, ఆఖరికి తీసుకునే నిర్ణయం, అన్నీ ఆవిడవే. దానికి ఊర్వశికి జాతీయ అవార్డు వచ్చింది, ఉత్తమ సహాయ నటిగా. ముఖ్యపాత్ర చేస్తే సహాయ నటి అనడమేంటని ఆవిడ అందరి ముందూ అడిగింది. ఆ ప్రశ్న విన్నరోజు నేను పని ఆపేసి కాసేపు అలాగే కూర్చున్నాను.

ఇదంతా రాస్తున్నానని మొన్న ఆదివారం పిన్నికి ఫోన్ చేసి చెప్పాను. నీ గురించి రాయొచ్చా అని అడిగాను. పేరు రాయకు అంది. ఇంకేమైనా చెప్పమంటే కాసేపు ఆగి, "నేను ఏడ్చింది కూడా రాయి" అంది. ఎప్పుడు ఏడ్చావు పిన్నీ అన్నాను, ఎవరూ నాకు చెప్పలేదు. మూడో రోజు రాత్రి, అందరూ పడుకున్నాక, కింద నీళ్ళు కనపడేలా మెట్ల మీద కూర్చుని ఏడ్చిందట. కూతురు గుర్తొచ్చిందా అన్నాను.

"కాదే. మిషను. నా మొదటి చీటీ పాడి కొనుక్కున్న మిషను నీళ్ళలో ఉండిపోయింది. ఎవరికైనా చెబితే ప్రాణాలు పోతుంటే మిషనేంటి అంటారని చెప్పలేదు."

నీళ్ళు తీశాక ఆ మిషన్ని రిపేరు చేయించింది. మోటారు పోయింది, కాలితో తొక్కేలా మార్పించుకుంది. ఫోన్ మాట్లాడుతుండగానే వెనకాల దాని చప్పుడు వినిపిస్తోంది, ఎవరిదో దసరాకి ఇవ్వాల్సిన జాకెట్, చేతులు ఇంకా తగిలించలేదట, పెట్టేస్తానంది.